విద్యుత్ కారు – నష్టభయం ఎవరిది?

వాణిజ్యశాస్త్ర విద్యార్థులకు నష్టభయం అనే పదం కొత్తది కాదు. మొదటి సంవత్సరంలోనే దాని నిర్వచనం, లక్షణాలు, కారణాలు వల్లె వేయిస్తాము. ప్రకృతి కారణాలు, మానవ కారణాలు, ఆర్థిక కారణాలు అని మూడు భాగాలు చేసి, ఒక్కొక్కదానికి రెండేసి ఉదాహరణలు చెప్పి, పరీక్షలో ఐదు మార్కులు తెచ్చుకొనే ఏర్పాటు చేస్తాము. అయితే ఒక సంస్థ తనకు పొంచి ఉన్న ముప్పులను తానే పుటల కొద్దీ వ్రాసి ప్రజల చేతిలో పెట్టిన పత్రాన్ని చదివినప్పుడు ఆ పదం మరొక విధంగా బోధపడుతుంది. అట్టి పత్రాలలో ఒకటి, అమెరికాలోని టెస్లా మోటార్స్ సంస్థ 2010 జూన్‌లో మొదటిసారి తన వాటాలను ప్రజలకు అమ్మినప్పుడు వెలువరించిన పరిచయ పత్రం. పాఠ్యగ్రంథంలోని నిర్వచనం అయిపోగానే మేము దానిలోని కొన్ని పుటలను తరగతిలో చదివిస్తూ ఉంటాము.

విద్యుత్ కారు మంచిదా కాదా అన్న చర్చకు మేము ఇక్కడ దిగదలచలేదు. పొగ లేని వాహనం నగరానికి మేలు చేస్తుందనడానికి, సాయంకాలం మదీనా చౌరస్తాలో పది నిమిషాలు నిలబడినవారికి వేరే నిరూపణ అక్కరలేదు. మేము పరిశీలించదలచినది ఇంకొకటి. కారు తయారుచేయడంలో పూర్వానుభవం లేని ఒక పసి సంస్థ ఆ పనికి పూనుకొన్నప్పుడు ఏ ఏ విధాల దెబ్బ తినవచ్చును, ఆ దెబ్బ చివరికి ఎవరి మీద పడుతుంది?

టెస్లా 2003లో పుట్టింది. పరిచయ పత్రం వెలువడే నాటికి దానికి ఏడేళ్ళు. అప్పటికి ఆ సంస్థ అమ్మినది రోడ్‌స్టర్ అనే ఒకే ఒక నమూనా. అదైనా వెయ్యికి కొంచెం మించిన కార్లు. స్థాపించిన నాటి నుండి ప్రతి త్రైమాసికంలోను నష్టమే వచ్చిందని, ఇకముందు ఆ నష్టం పెరిగే అవకాశమున్నదని ఆ పత్రంలో సంస్థ నిర్మొగమాటంగా ఒప్పుకొన్నది. రోడ్‌స్టర్‌లో బయటి నుండి కొనితెచ్చే భాగాలు 2,000కు పైగా ఉన్నాయని, వాటిని 150కి పైగా సరఫరాదారులు ఇస్తున్నారని, వారిలో అనేకులకు ప్రత్యామ్నాయం లేదని చెప్పింది. కారు మేను ఇంగ్లండులోని లోటస్ సంస్థ నుండి రావాలి. ఆ ఒప్పందానికి గడువు ఉన్నది. తరువాతి కారైన మోడల్ ఎస్ అప్పటికి నమూనా దశలోనే ఉన్నది, 2012కు గాని అమ్మకానికి రాదు. అంటే పాత కారు ఆగిపోయి కొత్త కారు రాని మధ్యకాలంలో దుకాణం తెరిచి ఉంటుంది గాని అమ్మడానికి సరుకు దాదాపు ఉండదు. బ్యాటరీలోని చిన్న చిన్న ఘటాలు అరుదుగానైనా మంటలు లేపవచ్చును. సంస్థ యావత్తు ఈలన్ మస్క్ అనే ఒక వ్యక్తి మీద ఎంతో ఆధారపడి ఉన్నది. ఇట్లా ఆ జాబితా సాగుతూనే ఉంటుంది.

ఆ పుటలు చదివిన ప్రతి తరగతిలోను ఎవరో ఒకరు అడిగే ప్రశ్న ఒకటే: “ఇంత చెప్పిన తరువాత ఆ వాటాలు ఎవరు కొంటారు సార్?” కొన్నారు. ఒక్కొక్క వాటా 17 డాలర్ల చొప్పున, సుమారు 22 కోట్ల 60 లక్షల డాలర్లు పోగయ్యాయి. నష్టభయాలను దాచకుండా చెప్పడం అక్కడి చట్టం విధించిన నియమం. మన దేశంలోనూ సెబి అట్టి నియమాన్నే పెట్టింది. చెప్పవలసినదంతా చెప్పిన సంస్థ మీద, తరువాత నష్టపోయిన వాటాదారు నాకు తెలియదని వ్యాజ్యం వేయడం కష్టం. కనుక ఆ జాబితా కొనుగోలుదారుకు హెచ్చరిక ఎంతో, సంస్థకు కవచమూ అంతే. ఈ రెండవ ప్రయోజనాన్ని మన పాఠ్యగ్రంథాలు అంతగా చెప్పవు.

అందులో వ్రాసిన ముప్పులు ఊహాజనితాలు కావు. 2008 డిసెంబరు నాటికి టెస్లా ఖజానా దాదాపు అడుగంటింది; క్రిస్మస్ ముందురోజు పెట్టుబడి ఒప్పందం కుదరకపోతే సంస్థ అక్కడితో ముగిసేదని దాని నాయకుడే అనంతరకాలంలో పలుమార్లు చెప్పాడు. 2009 మేలో జర్మనీ దేశపు డైమ్లర్ సంస్థ 5 కోట్ల డాలర్లు పెట్టింది. అమెరికా ప్రభుత్వ ఇంధన శాఖ 46 కోట్ల 50 లక్షల డాలర్ల ఋణం మంజూరు చేసింది. జనరల్ మోటార్స్, టొయోటా కలిసి నడిపి 2010లో మూసివేసిన ఫ్రీమాంట్ కర్మాగారం చవకగా చేజిక్కింది. 2013 మొదటి త్రైమాసికంలో తొలిసారి లాభం కనిపించింది. ఆ మేలోనే ప్రభుత్వ ఋణం గడువుకన్న ముందే తీరిపోయింది. ఈ వరుసను చూసి ధైర్యసాహసాల కథ అల్లేవారు చాలామంది ఉన్నారు. మాకు మాత్రం, ఆ వరుసలో ఏ ఒక్కటి ఆరు నెలలు ఆలస్యమైనా ఏమయ్యేదన్న ఆలోచనే ముందు వస్తుంది.

ఏమయ్యేదో ఊహించనక్కరలేదు. అదే శాఖ, అదే పథకం క్రింద, దాదాపు అదే కాలంలో మరొక పసి సంస్థకు కూడా ఋణం మంజూరు చేసింది. దాని పేరు ఫిస్కర్ ఆటోమోటివ్. కార్ల రూపకల్పనలో పేరుపొందిన హెన్రిక్ ఫిస్కర్ 2007లో కాలిఫోర్నియాలో దానిని స్థాపించాడు. మంజూరైన ఋణం 52 కోట్ల 90 లక్షల డాలర్లు. అంటే టెస్లాకు దక్కినదానికన్న ఎక్కువే. బ్యాటరీతో పాటు పెట్రోలు యంత్రం కూడా గల కర్మా అనే ఖరీదైన కారును ఫిన్లండు దేశంలోని వాల్మెట్ కర్మాగారంలో తయారుచేయించి అమ్మింది.

తరువాత జరిగినదంతా మన పాఠంలోని మూడు కారణాలకూ ఉదాహరణ అన్నట్లుగా జరిగింది. అనుకొన్న తేదీలకు పనులు పూర్తికానందున 2011లో ప్రభుత్వం ఋణం విడుదల నిలిపివేసింది. అప్పటికి అందినది 19 కోట్ల 20 లక్షల డాలర్లు మాత్రమే. బ్యాటరీలు ఇచ్చేది ఎ123 సిస్టమ్స్ అనే ఒకే సంస్థ. ఆ బ్యాటరీలలో లోపాలు బయటపడి, అమ్మిన కార్లను వెనక్కు పిలిపించవలసి వచ్చింది. 2012 అక్టోబరులో ఆ బ్యాటరీ సంస్థే దివాలా తీసింది. అదే నెల చివర శాండీ తుపాను అమెరికా తూర్పు తీరాన్ని ముంచినప్పుడు న్యూవార్క్ ఓడరేవులో నిలిపి ఉంచిన 300కు పైగా కర్మా కార్లు ఉప్పునీట మునిగి పనికిరాకుండా పోయాయి. 2013 నవంబరులో సంస్థ దివాలా దాఖలు చేసింది. చైనాకు చెందిన వాన్‌షియాంగ్ సంస్థ దాని ఆస్తులను కొన్నది. అమెరికా ప్రజల పన్నుల సొమ్ములో 13 కోట్ల 90 లక్షల డాలర్లు తిరిగి రాలేదు.

తుపానుకు ఎవరేమి చేయగలరని కొందరు విద్యార్థులు అంటారు. నిజమే. కాని అదే తుపానులో పెద్ద సంస్థల కార్లు కూడా వేలకొద్దీ మునిగాయి. ఆ సంస్థలు ఆ నష్టాన్ని తట్టుకొని మళ్ళీ పనిలో పడ్డాయి. తుపాను అందరికీ ఒకటే, నిల్వ ధనం ఒకటి కాదు. పసి సంస్థకు ప్రతి దెబ్బా దెబ్బగానే మిగలక, తరువాతి దెబ్బను తట్టుకొనే శక్తిని కూడా తీసుకొనిపోతుంది.

కార్ల తయారీలో ఈ బలహీనత ఇంత తీవ్రంగా ఉండడానికి కారణం దాని వ్యయ స్వభావంలోనే ఉన్నది. ఒక రేకు తలుపును ముద్రించే అచ్చులకు, ఢీకొట్టి చూసే పరీక్షలకు, సాఫ్టువేరుకు అయ్యే ఖర్చు మొదటి కారు అమ్మకముందే పూర్తిగా అయిపోతుంది. వెయ్యి కార్లు అమ్మినా లక్ష కార్లు అమ్మినా ఆ స్థిర వ్యయం ఇంచుమించు ఒకటే. లాభనష్టాలు లేని బిందువును మనం నల్లబల్ల మీద రెండు గీతలు కలిసే చోట చుక్కగా చూపిస్తాము. ఆ చుక్క దగ్గరకు చేరేవరకు సంస్థను ఎవరు పోషించాలన్నది మాత్రం ఆ పటంలో ఉండదు.

ఈ భారాన్ని తప్పించుకొనే ఉపాయంగా తోచిన మార్గం ఒకటి ఉన్నది. సొంత కర్మాగారం పెట్టకుండా, కారును మరొకరి చేత చేయించడం. హెన్రిక్ ఫిస్కరే 2016లో తన భార్య గీతా గుప్తా ఫిస్కర్‌తో కలిసి ఫిస్కర్ ఇన్‌కార్పొరేటెడ్ అనే రెండవ సంస్థ స్థాపించి ఈ మార్గాన్ని మళ్ళీ అనుసరించాడు. 2020 అక్టోబరులో, వ్యాపారమేదీ లేకుండా ధనం మాత్రమే పోగుచేసి స్టాకు మార్కెటులో నమోదై ఉన్న ఒక ఖాళీ సంస్థలో విలీనమై సుమారు 100 కోట్ల డాలర్లు సమకూర్చుకొన్నది. ఆస్ట్రియాలోని గ్రాజ్ నగరంలో మాగ్నా స్టైర్ కర్మాగారం ఓషన్ అనే కారును 2022 నవంబరు 17 నుండి తయారుచేయసాగింది. మాగ్నా పేరెన్నికగన్న తయారీదారు. కర్మాగారం లేకపోవడమనే కొరత నిజంగానే తీరింది.

అయితే కారు తయారు కావడం వేరు, చేతులు మారడం వేరు. 2023లో గ్రాజ్‌లో తయారైన ఓషన్ కార్లు పదివేల పైచిలుకు. కొన్నవారికి చేరినవి ఐదు వేలలోపు. మిగిలిన ఐదు వేలూ గిడ్డంగుల్లోను రేవుల్లోను నిలబడి ఉన్నాయి. ఒక్కొక్కటి 50 వేల డాలర్ల సరుకు అనుకొన్నా, 25 కోట్ల డాలర్ల మూలధనం ఎండకు ఎండుతూ వానకు తడుస్తూ నిలిచిందన్నమాట. నిర్వహణ మూలధనం అంటే ఏమిటి అని అడిగితే ప్రస్తుత ఆస్తులలో నుండి ప్రస్తుత అప్పులను తీసివేయగా మిగిలినది అని మా విద్యార్థులు తడుముకోకుండా చెబుతారు. ఆ ఆస్తి నగదుగా మారడానికి ఒక రోజు పడుతుందా, ఒక సంవత్సరం పడుతుందా అన్నదే సంస్థ ప్రాణాన్ని నిర్ణయిస్తుందన్న సంగతి ఈ రేవుల్లోని కార్లను చూపిస్తేనే తలకెక్కుతుంది.

కాలం కూడా కలిసిరాలేదు. 2022 ఆరంభంలో సున్నాకు దగ్గరగా ఉన్న అమెరికా వడ్డీరేటు 2023 జూలై నాటికి 5 శాతం దాటింది. వాయిదాల మీద కారు కొనేవారికి నెలసరి చెల్లింపు పెరిగింది. కొత్త అప్పుకోసం తిరిగే సంస్థకు తలుపులు మూసుకొన్నాయి. 2023 జనవరి నుండి టెస్లా తన కార్ల ధరలను బాగా తగ్గించింది. పసి సంస్థకు పోటీ ఆనాటి పెట్రోలు కార్లతోనే కాదు, నిన్నటి పసి సంస్థ పెరిగి పెద్దదైతే దానితో కూడా. ఇంకొక వైపు, 2022 ఆగస్టులో వచ్చిన చట్టం ప్రకారం ఉత్తర అమెరికాలో కూర్చిన కార్లకే అక్కడి కొనుగోలుదారుకు 7,500 డాలర్ల వరకు పన్ను రాయితీ. ఆస్ట్రియాలో తయారయ్యే కారు కొన్నవానికి అది దక్కలేదు. ఆ రాయితీ కూడా శాశ్వతం కాలేదు. 2025 సెప్టెంబరు 30తో అందరికీ రద్దయింది. ప్రభుత్వ సహాయాన్ని ఆదాయంగా లెక్కవేసుకొని వ్యాపార ప్రణాళిక వ్రాసేవారు ఈ రెండు తేదీలను జ్ఞాపకం ఉంచుకోవడం మంచిది.

మా శాఖకు మరింత ఆసక్తి కలిగించిన విషయం ఖాతాలది. 2023 అక్టోబరు చివర ఫిస్కర్ ప్రధాన గణకాధికారి వెళ్ళిపోయాడు. ఆయన స్థానంలో వచ్చిన అధికారి కొద్ది రోజులకే రాజీనామా చేశాడు. త్రైమాసిక నివేదిక గడువుకు అందలేదు. లెక్కల మీద తన అంతర్గత నియంత్రణలో లోపాలున్నాయని సంస్థే ప్రకటించింది. కార్లు కొన్నవారు కట్టిన సొమ్ములో లక్షలాది డాలర్ల జాడ కొంతకాలం సంస్థకే తెలియకుండా పోయిందని టెక్‌క్రంచ్ పత్రిక 2024 మార్చిలో ప్రచురించింది. కారును రూపొందించడానికి ప్రపంచస్థాయి కళాకారుడు కావాలి. కట్టిన బయానాకు రసీదు వ్రాసి పేరు పేరునా జమకట్టడానికి ఒక మంచి గుమాస్తా చాలు. మొదటివాడు దొరికి రెండవవాడు దొరకక చిక్కుల్లో పడిన సంస్థలు లోకంలో తక్కువ కావు.

2024 ఫిబ్రవరి 29న ఫిస్కర్ తాను వ్యాపారంలో కొనసాగగలదా అన్నది గాఢంగా సందేహాస్పదమని వెల్లడించింది. గతిశీల సంస్థ భావన అని మనం గణకశాస్త్రంలో మొట్టమొదట నేర్పేది ఇదే. సంస్థ నిరవధికంగా సాగుతుందని భావించి లెక్కలు వ్రాయాలి అని ఒక్క వాక్యంలో చెప్పి తరువాతి భావనకు వెళ్ళిపోతాము. ఆ ఒక్క వాక్యం నిలవనప్పుడు ఏమవుతుందో ఆ తరువాతి నాలుగు నెలలు చూపించాయి. మార్చిలో తయారీ ఆగింది. ఒక పెద్ద కార్ల సంస్థతో జరుపుతున్న సంప్రదింపులు విఫలమయ్యాయి. న్యూయార్క్ స్టాకు ఎక్స్చేంజి ఆ వాటాలను తొలగించింది. 61,499 డాలర్ల ధర ఉన్న మేటి రకం ఓషన్ 37,499 డాలర్లకు దిగింది. జూన్ 17న దివాలా దాఖలైంది.

ఈ కథ ఇంతవరకు చెప్పిన ఒక తరగతిలో, వెనుక వరుసలో కూర్చొనే విద్యార్థి ఒకడు లేచి నిలబడ్డాడు. వాళ్ళ అన్న బార్కస్‌లో చిన్న దుకాణం నడుపుతాడు. సరుకు తెచ్చుకోవడానికి వాయిదాల మీద ఒక విద్యుత్ స్కూటరు కొన్నాడు. తయారుచేసినది కొత్త కంపెనీ. పేరు ఇక్కడ అనవసరం. పది నెలలకు దగ్గరలోని షోరూము మూతపడింది. బ్యాటరీ మొరాయిస్తే వీధి మెకానిక్కు చూసి, ఇది నట్టు బోల్టు పని కాదు భాయ్, లోపల కంప్యూటరు తాళం వేసి ఉన్నదని పంపించివేశాడు. వాయిదాలు మాత్రం నెల నెలా నడుస్తున్నాయి. ఆ కుర్రవాడు అడిగినది ఇది: “సార్, కంపెనీ మునిగితే వాటాదారు పెట్టిన సొమ్మువరకే పోతుందని మీరు పాఠంలో చెప్పారు. అప్పిచ్చినవారికి వరుసక్రమం ఉన్నదని చెప్పారు. బండి కొన్న మా భాయీజాన్ ఆ వరుసలో ఎక్కడ నిలబడాలి?”

ప్రశ్న చిన్నదే. మేము ఆనాటి నుండి ఈ విషయాన్ని బోధించే తీరు మాత్రం మారింది. టెస్లా పరిచయ పత్రంలోని నష్టభయాల జాబితా అంతా వాటా కొనేవానిని ఉద్దేశించి వ్రాసినది. వాడు దానిని చదవవచ్చును, చదివి మానుకోవచ్చును, నచ్చకపోతే మరునాడే వాటా అమ్ముకోవచ్చును. కారు కొనేవానికి అట్టి పత్రమేదీ ఎవరూ ఇవ్వరు. అతనికి ఇచ్చేది రంగు రంగుల కరపత్రం. కాని కారు అన్నది కొన్ననాటితో ముగిసే సరుకు కాదు. కనీసం పదేళ్ళపాటు విడిభాగాలు, మరమ్మతు, హామీ అందుతాయన్న నమ్మకంతో కలిపి కొనే వస్తువది. పాత అంబాసడరు కారుకు సంస్థ లేకపోయినా షెడ్డులో మేస్త్రీ ఉండేవాడు. భాగం దొరకకపోతే లేతు మీద తయారుచేసేవాడు. నేటి విద్యుత్ కారులో సగం ప్రాణం సంస్థ నడిపే దూరపు కంప్యూటర్లలో ఉంటుంది. సంస్థ పోతే తాళం చెవి ఎవరి దగ్గర ఉన్నదో తెలియని ఇంటిలో కాపురమున్నట్లే.

ఫిస్కర్ దివాలాలో ఇదంతా బహిరంగంగా కనిపించింది. భద్రతా లోపాల కోసం వెనక్కు పిలిపించిన కార్లకు భాగాలు ఉచితంగా ఇస్తాము, కూలి ఖర్చు కొన్నవారే భరించాలని 2024 సెప్టెంబరులో సంస్థ అన్నది. అమెరికా చట్టం ప్రకారం ఆ భారం తయారీదారుదే కాబట్టి ప్రభుత్వం అభ్యంతరం చెప్పింది. అమ్ముడుపోని మూడు వేలకు పైగా కార్లను న్యూయార్కులో టాక్సీలను అద్దెకిచ్చే అమెరికన్ లీజ్ అనే సంస్థ మొత్తం 4 కోట్ల 62 లక్షల 50 వేల డాలర్లకు మించని ధరకు బేరమాడింది. సగటున ఒక్కొక్కటి 14 వేల డాలర్లు. 60 వేలు పోసి కొన్న పొరుగింటివాని కారు విలువ ఆ రోజుతో ఏమై ఉంటుందో చెప్పనక్కరలేదు. తీరా చూస్తే, ఆ కార్ల సమాచారాన్ని ఫిస్కర్ కంప్యూటర్ల నుండి మరొకరి కంప్యూటర్లకు మార్చడం సాంకేతికంగా సాధ్యం కాదని తేలింది. ఐదేళ్ళపాటు ఆ సేవలు అందడానికి అమెరికన్ లీజ్ మరొక 25 లక్షల డాలర్లు చెల్లించడానికి ఒప్పుకోవలసి వచ్చింది. వేల కార్లు ఒకేసారి కొన్న సంస్థకు బేరమాడే శక్తి ఉన్నది. ఒక్క కారు కొన్నవాడు ఎవరితో బేరమాడాలి?

ఈ చర్చను ఒకనాడు అధ్యాపకుల గదిలో ప్రస్తావించగా, మా ఉర్దూ శాఖ మిత్రులు దీనిని మరొక దారిలో నడిపించారు. ఇస్లామీయ వ్యాపార ధర్మంలో, లేని సరుకును అమ్మడం సాధారణంగా నిషిద్ధం. అందులోని అనిశ్చితిని గరర్ అంటారు. అయినా జనుల అవసరం దృష్ట్యా రెండు మినహాయింపులు ఉన్నాయి. సలమ్ అనే పద్ధతిలో ధర అంతా ముందే చెల్లించాలి. బదులుగా సరుకు రకం, పరిమాణం, అప్పగించే గడువు స్పష్టంగా నిర్ణయమై ఉండాలి. ఇస్తిస్నా అనేది ఫలానా విధంగా తయారుచేసి ఇమ్మని పనివానికి ఇచ్చే ఆర్డరు. ముదారబాలో నష్టం వస్తే ధనం పెట్టినవాడు ధనాన్ని, శ్రమించినవాడు శ్రమను కోల్పోతారు. వీటన్నింటిలోను మాకు నచ్చినది ఒక్కటే: ఎవరు ఏ నష్టాన్ని మోస్తున్నారో ఒప్పందానికి ముందే పేరు పెట్టి చెప్పడం. ఇంకా పుట్టని కారుకు బయానా కట్టించుకొనే నేటి సంస్థలను ఈ ప్రమాణంతో కొలిస్తే ఎన్ని నిలుస్తాయన్నది మా మిత్రులకే వదిలివేస్తున్నాము. శాఖల మధ్య పని విభజన ఉండడం మంచిది.

ఇక్కడ ఒక మాట స్పష్టం చేయాలి. నష్టభయం వేరు, మోసం వేరు. నికోలా అనే అమెరికా సంస్థ తన విద్యుత్ లారీ రోడ్డు మీద పరుగెడుతున్నట్లు 2018లో ఒక చిత్రం విడుదల చేసింది. ఆ లారీ తన శక్తితో కాక వాలు మీద జారుతూ వచ్చిందని తరువాత బయటపడింది. దాని స్థాపకుడు 2022లో మోసం నేరానికి దోషిగా తేలి, 2025 మార్చిలో అధ్యక్షుని క్షమాభిక్ష పొందాడు. సంస్థ 2025 ఫిబ్రవరిలో దివాలా దాఖలు చేసింది. ఇట్టివాటిని నష్టభయాల పద్దులో వేయడం, నిజాయితీగా ప్రయత్నించి ఓడినవారికి అన్యాయం చేయడమే.

నిజాయితీగా ప్రయత్నించిన వాటిలో మన దేశపు సంస్థ కూడా ఒకటి ఉన్నది. చేతన్ మైనీ నాయకత్వాన బెంగళూరులో పుట్టిన రేవా 2001లో తన చిన్న కారును అమ్మకానికి తెచ్చింది. అప్పటికి టెస్లా పుట్టనే లేదు. సీసపు బ్యాటరీలతో నడిచే ఆ కారులో ఇద్దరు పెద్దలు, ఇద్దరు పిల్లలు పట్టేవారు. మన రోడ్ల మీద కన్న లండనులో దానికి ఆదరణ ఎక్కువ లభించింది. అక్కడ జీ-విజ్ అనే పేరుతో అమ్మిన ఆ బండికి నగర కేంద్రంలో ప్రవేశ రుసుము మినహాయింపు ఉండడం ఒక కారణం. చట్టరీత్యా అది కారు కాక నాలుగు చక్రాల తేలిక వాహనం కావడంతో కార్లకుండే ఢీకొట్టు పరీక్షల నియమాలు దానికి వర్తించలేదు. ఆ సౌలభ్యమే తరువాత దాని మీద భద్రతా విమర్శలకు తావిచ్చింది. మన దేశంలో చార్జింగు వసతి లేదు, ప్రభుత్వ ప్రోత్సాహం నామమాత్రం. అయినా రేవా కొత్త అప్పులతో ఉబ్బిపోలేదు, చిన్నదిగానే ఉన్నది. 2010లో మహీంద్రా సంస్థ 55 శాతానికి పైగా వాటా తీసుకొన్నది, 2013లో ఇ2ఓ అనే కొత్త కారు తెచ్చింది. ఇ2ఓ కూడా జనాదరణ పొందలేదు. కాని సంస్థ చేతులు మారినప్పుడు బండి కొన్నవానికి జవాబు చెప్పే చిరునామా మిగిలింది. రేవాను విఫల ప్రయత్నమని కొట్టివేసే వ్యాసాలు మేము చాలా చూశాము. కొన్నవాని వైపు నుండి చూస్తే మాకు అట్లా తోచదు.

ఫిస్కర్ కథకు మన నగరంతోనూ కొంత సంబంధం ఉన్నది. 2022లో ఆ సంస్థ తన భారతదేశపు ప్రధాన కార్యాలయాన్ని హైదరాబాదులో పెడుతున్నట్లు, ఫిస్కర్ విజ్ఞాన్ ఇండియా అనే పేరుతో సాఫ్టువేరు, ఇంజనీరింగు పనులు ఇక్కడ చేయించనున్నట్లు ప్రకటించింది. ఆ వార్త ఆనాడు మా విద్యార్థులలో ఎంతో ఉత్సాహం కలిగించింది. సుమారు రెండేళ్ళలో సంస్థ దివాలా తీసింది. ఉద్యోగం కూడా ఒక విధంగా బయానాయే. జీతం నెల చివర వస్తుంది, పని నెల మొదటినుండి చేయాలి; కొత్త సంస్థలో చేరిన యువకుడు ప్రతి నెలా ముప్పై రోజుల అప్పు ఇస్తూ ఉంటాడు. చేరవద్దని మేము ఎవరికీ చెప్పము. పాతబస్తీ నుండి వచ్చిన పిల్లవానికి పెద్ద సంస్థ తలుపు తెరుచుకోకముందే పసి సంస్థ తలుపు తెరుచుకొన్న సందర్భాలు మాకు తెలుసు. అక్కడ ఒక సంవత్సరంలో నేర్చుకొన్నది మరెక్కడా ఐదేళ్ళకు గాని రాదు. చేరేముందు ఆ సంస్థ చివరి త్రైమాసిక నివేదికలో నగదు నిల్వ ఎంత, నెలకు కరిగే నగదు ఎంత అని చూసి, రెండవదానితో మొదటిదానిని భాగించమని మాత్రం చెబుతాము. వచ్చేది నెలల సంఖ్య. ఆ లెక్కకు ఐదవ తరగతి గణితం చాలు.

ఓషన్ కార్లు కొన్నవారు చేతులు ముడుచుకొని కూర్చోలేదు. 2024లో వారు ఫిస్కర్ ఓనర్స్ అసోసియేషన్ అనే లాభాపేక్ష లేని సంఘం పెట్టుకొన్నారు. వేలమంది చేరారు, దివాలా న్యాయస్థానంలో తమ పక్షాన వాదనలు వినిపించుకొన్నారు. విడిభాగాలు ఎక్కడ దొరుకుతాయో ఒకరికొకరు తెలుపుకొంటున్నారు. సాఫ్టువేరు తెలిసిన సభ్యులు, సంస్థ వదిలివేసిన పనులలో తమకు చేతనైనవాటిని తామే పూర్తిచేసుకొంటున్నారు. వెనుక వరుస విద్యార్థికి ఈ సంగతి చెప్పినప్పుడు అతడు ఆ సంఘంలో చేరడానికి రుసుము ఎంత అని అడిగాడు, ఆ వెంటనే బార్కస్‌లో అట్టి స్కూటర్లు ఇంకా ఎన్ని ఉన్నాయో లెక్క తీయడానికి ఇద్దరు స్నేహితులను వెంటబెట్టుకొని బయలుదేరాడు.